బోరు నీళ్ల నుంచి కుళాయి నీళ్లకు మారాక పాత జీఐ పైపుల్లో ఎర్ర నీళ్లు: లోపలి పొరను కడిగించాలా, వదిలేయాలా?

ప్రశ్న: తిరుచానూరు రోడ్డు వాసి

అందరికీ నమస్కారం. మాది తిరుపతిలో తిరుచానూరు రోడ్డు వైపు 1998లో కట్టించిన మిద్దె ఇల్లు. ఆనాడు గోడల్లో వేసిన జీఐ (జింక్ పూత పూసిన ఇనుప) పైపులే ఈనాటికీ ఉన్నాయి. ఇన్నేళ్లూ ఇంటి బోరు నీళ్లే వాడుకున్నాము. అవి బాగా ఉప్పు నీళ్లు. బకెట్ల అంచుల మీద, గీజరు కాయిలు మీద తెల్లటి సున్నం పేరుకునేది కాని, నీటి రంగు మాత్రం ఎన్నడూ మారలేదు. బోరులో నీరు తగ్గిపోవడంతో నిరుటి నుంచి వీధి కుళాయి కనెక్షను నీళ్లను సంపులోకి పట్టి, మోటారుతో మిద్దె మీది ట్యాంకుకు ఎక్కించి వాడుకుంటున్నాము. పప్పు త్వరగా ఉడుకుతోంది, సబ్బు బాగా నురగ వస్తోంది. ఇంత మంచి నీళ్లు వచ్చిన తరువాతనే పొద్దున్నే కుళాయి తిప్పితే ఇటుక రంగు నీళ్లు రావడం మొదలైంది. కొంతసేపు వదిలితే తేటపడుతున్నాయి, మరునాటి ఉదయానికి మళ్లీ అదే కథ.

దీనికి తోడు, సోలారు హీటరు నుంచి స్నానాల గదికి దిగే వేడి నీళ్ల జీఐ లైనులో సూది మొన అంతటి రంధ్రాలు పడుతున్నాయి. ఒక చోట క్లాంపు వేయిస్తే మరో చోట చెమ్మ కనబడుతోంది. హీటరు పలకలోని రాగి గొట్టాలు నల్లబడ్డాయి, అతుకుల దగ్గర ఆకుపచ్చ చిలుము పట్టింది. మేడ మెట్లకు వేసిన స్టెయిన్‌లెస్ స్టీలు గొట్టాల మీద కూడా అక్కడక్కడ గోధుమ రంగు చుక్కలు కనబడుతున్నాయి.

మాకు తెలిసిన ప్లంబరు పైపుల్లో యాసిడు నింపి కడిగితే కొత్తవాటిలా అవుతాయని అంటున్నాడు. మా బావగారేమో పాత పైపులో పట్టిన పొరే దానికి కాపలా అనీ, దానిని కదిలించకూడదనీ వాదిస్తున్నారు. ఆ పొర కాపలా కాసేదే అయితే ఇన్నేళ్లు లేని ఎరుపు ఇప్పుడు ఎందుకు వస్తున్నట్టు? విషయం తెలిసినవారు వివరించగలరని మనవి.

జవాబు: చిత్తూరు విశ్రాంత ఇంజనీరు

ముందుగా ఒక చిన్న పరీక్ష చేయండి. వీధి పైపు నుంచి సంపులోకి నీళ్లు పడే చోటనే తెల్ల బకెట్టులో నీళ్లు పట్టి చూడండి. అక్కడ తేటగా ఉండి ఇంటి కుళాయి దగ్గర ఎర్రగా ఉంటే ఆ ఎరుపు మీ గోడల్లోని పైపులదే. చాలావరకు అదే తేలుతుందని నా అంచనా. ఈ కాలంలో వీధుల్లో ఎక్కువగా వేసేది డక్టైల్ ఐరన్ పైపులు, మన శ్రీకాళహస్తి దగ్గర రాచగున్నేరిలో పోత పోసేవి కూడా అవే. వాటి బయట జింక్ పూత, దాని మీద తారు వంటి బిటుమెను, లోపల సిమెంటు మోర్టారు పూత ఉంటాయి. సిమెంటులోని క్షార గుణం వల్ల దాని చాటున ఉన్న ఇనుము మీద ఒక పలుచని ఆక్సైడు పొర స్థిరంగా నిలుస్తుంది. అందువల్ల అవి నీటికి రంగు తేవడం అరుదు.

ఇక జీఐ సంగతి. ఉక్కు గొట్టాన్ని సుమారు 450 డిగ్రీల సెల్సియస్ వేడిలో కరిగి ఉన్న జింక్‌లో ముంచి తీస్తే జీఐ పైపు అవుతుంది. కొత్తలో అది తళతళలాడుతుంది. గాలిలోని ఆక్సిజన్‌తో జింక్ ఆక్సైడుగా, తేమతో హైడ్రాక్సైడుగా మారి, చివరకు గాలిలోని కార్బన్ డయాక్సైడుతో కలిసి క్షారయుత జింక్ కార్బొనేటుగా స్థిరపడుతుంది. ఆ చివరి పొర నీటిలో సులభంగా కరగదు. బయట ఉంచిన పైపు మెరుపు పోయి బూడిద రంగుకు తిరగడానికి కారణం ఇదే. దీనికి తడవడం, ఆరడం, గాలి ఆడడం మూడూ కావాలి. కొత్త పైపులను ఒకదాని మీద ఒకటి పేర్చి వానలో వదిలేస్తే సందుల్లో నీళ్లు నిలిచి, గాలి అందక, కార్బొనేటు పొర ఏర్పడదు. తెల్లటి పొడి పొడిగా హైడ్రాక్సైడు ఉబ్బి వస్తుంది. దుకాణాల్లో దానిని తెల్ల తుప్పు అంటారు.

పైపు లోపల జరిగేది దీనికి కొంత భిన్నం. జింక్ పొరతో పాటు, కఠిన జలమైతే కాల్షియం కార్బొనేటు కూడా గోడకు పేరుకుంటుంది. మీ బకెట్ల అంచున కనబడిన సున్నమే పైపు లోపల పలుచని పూతగా పనిచేసి ఉంటుంది. నీటి పీహెచ్ (ఆమ్ల, క్షార గుణాల కొలత), క్షారత, కాల్షియం, ఉష్ణోగ్రత, కరిగిన లవణాలు తెలిస్తే ఆ నీరు సున్నాన్ని పేర్చేదో కరిగించేదో చెప్పవచ్చునని కాలిఫోర్నియా విశ్వవిద్యాలయానికి చెందిన లాంజెలియర్ 1936లో ఒక సూచికను ప్రతిపాదించారు. నేటికీ నీటి శాఖల్లో దానిని వాడుతున్నారు. అది చెప్పేది సున్నం సంగతి మాత్రమే, ఇనుము ఎంత వేగంగా తుప్పు పడుతుందో అది చెప్పదు. ఈ తేడాను పట్టించుకోక, సూచిక బాగుంది కాబట్టి పైపు భద్రమని తీర్మానించేవారిని ఉద్యోగంలో చాలామందిని చూశాను.

ఇన్నేళ్లలో మీ పైపుల్లో జింక్ చాలాచోట్ల అయిపోయి, లోపలి ఉక్కు మీద తుప్పు, సున్నం కలిసిన గట్టి పొర కట్టి ఉంటుంది. ఆ పొర ఉప్పు నీళ్లలో పుట్టి ఆ నీళ్లతోనే సమతుల్యంలో నిలబడింది. కల్యాణి డ్యాము, తెలుగు గంగ వంటి వనరుల నుంచి వచ్చే నీటిలో, రాతి నేలల్లోని లోతు బోరు నీటితో పోలిస్తే, సాధారణంగా సున్నం, క్షారత తక్కువ. శుద్ధి చేసిన నీటిలో క్లోరిన్ ఉంటుంది, ఆక్సిజన్ కూడా ఎక్కువే కరిగి ఉంటుంది. కొత్త నీరు వచ్చి పాత పొరలోని కొన్ని పదార్థాలను కరిగించుకుంటూ పోతుంది, పొర వదులవుతుంది. రాత్రంతా నీళ్లు కదలకుండా నిలిచినప్పుడు వాటిలోని ఆక్సిజన్‌ను తుప్పు పట్టే ఇనుమే వాడేసుకుంటుంది. ఆ తరువాత కూడా ప్రక్రియ ఆగదు. పొరలో ఉన్న ఫెర్రిక్ ఇనుము ఫెర్రస్ రూపంలోకి మారి నీటిలో కరుగుతుంది. ఉదయం కుళాయి తిప్పగానే గాలి తగిలి అదే మళ్లీ ఎర్రటి తుప్పుగా విడిపోతుంది. మీరు చెప్పిన వేళలు ఈ వివరణకు సరిగ్గా సరిపోతున్నాయి.

దీనికి ప్రపంచంలో అందరూ చెప్పుకునే ఉదాహరణ అమెరికాలోని టూసాన్ నగరం. ఎడారి ప్రాంతం కావడంతో అక్కడివారు దశాబ్దాలుగా భూగర్భ జలం వాడుకుంటూ వచ్చారు. 1992లో కాలువ ద్వారా తెచ్చిన కొలరాడో నది నీటిని శుద్ధి చేసి నేరుగా ఇళ్లకు వదిలారు. పాత జీఐ పైపులున్న ఇళ్లలో తుప్పు రంగు నీళ్లు వచ్చాయి, పైపులు కారాయి, 1994లో ఆ సరఫరాను ఆపేయవలసి వచ్చింది, 1995లో ప్రజలు ఓటు వేసి మరీ నేరుగా ఇవ్వడాన్ని కట్టడి చేశారు. చివరకు నది నీటిని భూమిలోకి ఇంకించి, భూగర్భ జలంతో కలిపి, 2001 నుంచి ఇవ్వసాగారు. ఇందులో గమనించవలసినది ఒకటుంది. టూసాన్‌కు వచ్చిన కొత్త నీటిలో లవణాలు పాత నీటి కంటే ఎక్కువ. మీ ఇంటికి వచ్చిన కొత్త నీటిలో బహుశా తక్కువ. రెండు చోట్లా ఎరుపే వచ్చింది. కాబట్టి ఉప్పు నీళ్లు చెడ్డవి, మెత్తని నీళ్లు మంచివి అనే లెక్క పైపుల దగ్గర చెల్లదు. పొర ఏ నీటిలో కట్టిందో ఆ నీరు మారడమే అసలు కారణం. మీ బావగారి మాట నిజమే, అయితే ఆయన చెప్పిన కాపలా పాత నీటికి సంబంధించినది.

యాసిడు మాత్రం వద్దు. బజారులో దొరికేది హైడ్రోక్లోరిక్ ఆమ్లం. అది తుప్పును ఎంత ఇష్టంగా తింటుందో, మిగిలిన జింక్‌నూ కింది ఉక్కునూ అంతే ఇష్టంగా తింటుంది. పాత పైపులో కొన్ని చోట్ల రంధ్రం పడకుండా ఆపుతున్నది తుప్పు బిళ్లే. దానిని కరిగిస్తే మరునాడు గోడలు తడుస్తాయి.

జవాబు: రేణిగుంట ప్లంబింగు కాంట్రాక్టరు

ఇంజనీరు గారు చెప్పినది మేము పనిలో కళ్లారా చూసేదే. ఈ మధ్య ఒక పాత ఇంట్లో తీసిన ముప్పావు అంగుళం పైపును హాక్సా బ్లేడుతో నిలువుగా కోయించి చూశాను. పైన నారింజ రంగు బురద, వేలితో తుడిస్తే వచ్చేసింది. దాని కింద నల్లటి గట్టి పెంకు, ఉలి ఆనించి సుత్తితో కొడితే గాని పెచ్చు లేవలేదు. పెంకు లేచిన చోట ఆకుపచ్చ కలిసిన నలుపులో మెత్తటి ముద్ద ఉండి, చూస్తుండగానే గాలికి ఎర్రబడిపోయింది. ఆ ముద్ద కింద ఉక్కు గుంట పడి ఉంది. ముప్పావు అంగుళం దారిలో చిటికెన వేలు కూడా దూరే సందు లేదు. నీటి ధార సన్నబడిందని ట్యాంకు ఎత్తు పెంచమని అడిగేవారికి నేను ముందు ఇలాంటి ముక్క ఒకటి చూపిస్తాను.

పైపు ముందుగా పోయేది మరలు కోసిన చోటనే. మర కోసేటప్పుడు జింక్ పోతుంది, గోడ మందం కూడా తగ్గుతుంది. పక్కనున్న జింక్ తాను కరుగుతూ ఆ కోసిన చోటును కొంతకాలం కాపాడుతుంది, అది కూడా అయిపోయాక ఎల్బోలు, టీలు, యూనియన్ల వంటి అతుకు ముక్కల దగ్గర చెమ్మ మొదలవుతుంది. పసుపు పట్టీ ఉన్న లైటు రకం పైపు అయితే ఇంకా త్వరగా, నీలం పట్టీ మీడియం, ఎర్ర పట్టీ హెవీ అయితే ఆలస్యంగా. మీ ఇంట్లో వేసినది ఏ రకమో గోడ బయట ఉన్న ముక్క మీద పట్టీ మిగిలి ఉంటే తెలుస్తుంది. అన్ని పైపులూ ఒక్కసారి మార్చనవసరం లేదు. పడుకోబెట్టిన లైన్లు, నీళ్లు ఎక్కువసేపు నిలిచే చివరి ముక్కలు ముందు మార్చుకోవచ్చు.

జవాబు: అలిపిరి పాఠకుడు

మా అపార్టుమెంటులో యాసిడు పోయించి కడిగించారు, నీళ్లు బాగానే వస్తున్నాయి, ధార కూడా పెరిగింది. అందరూ భయపెట్టినంత ఏమీ జరగలేదు. అందుచేత ప్రశ్న అడిగినవారు ఆ దారిని పూర్తిగా కొట్టివేయనవసరం లేదని నా అభిప్రాయం.

జవాబు: పుత్తూరు బాయిలరు ఆపరేటరు

పై మిత్రులకు ఒక మనవి. యాసిడుతో కడగడం తప్పుడు పద్ధతి కాదు, బాయిలర్లలో మేము చేసే పనే. కాని అక్కడ యాసిడులో ఉక్కును తినకుండా ఆపే మందు కలుపుతాము, గాఢతను, వేడిని, సమయాన్ని అదుపులో ఉంచుతాము, అదే రకం ఉక్కు ముక్కలను లోపల వేలాడదీసి వాటి బరువు ఎంత తగ్గిందో చూస్తాము. అంతకంటే ముఖ్యమైనది కడిగిన తరువాతి పని. యాసిడు దిగిన ఉక్కు పచ్చి పుండులాంటిది. తడిగా గాలికి వదిలితే గంటల్లో ఎర్రబడుతుంది. అందుకని వెంటనే ఆమ్లాన్ని విరగ్గొట్టి, క్షార ద్రావణంతో వేడిచేసి, కొత్త రక్షణ పొర కట్టించిన తరువాతనే బాయిలరును నడుపుతాము. ఇంటి గోడల్లోని పైపులకు ఈ రెండో సగం ఎవరూ చేయరు. మీ అపార్టుమెంటులో ధార పెరిగిందంటే అడ్డు తొలగింది. గోడ ఎంత మిగిలిందన్నది మందం కొలిచే పరికరంతో చూస్తే గాని తెలియదు.

బాయిలరు గొట్టంలో మేము కోరుకునే పొర మాగ్నటైటు. ఆక్సిజన్ లేని వేడి నీటిలో ఇనుము నీటితోనే చర్య జరిపి నల్లటి ఆక్సైడుగా మారుతుంది, హైడ్రోజన్ వెలువడుతుంది. ఆ నలుపు పలుచగా, గట్టిగా, ఉక్కును అంటిపెట్టుకుని ఉంటుంది. ఎరుపు కనబడితే ఆక్సిజన్ లోపలికి దూరిందని అర్థం. అందుకే నీటిలోని గాలిని డీఏరేటరులో తరిమి, పీహెచ్‌ను క్షారం వైపు నిలిపి, ఫాస్ఫేటు వేసి కాపాడుకుంటాము. గొట్టం తెరిచినప్పుడు లోపల సన్నటి నల్లటి నునుపు కనబడితే ఆ రోజు మాకు పండుగే.

కొత్త గొట్టం మీద ఉండే నీలి బూడిద రంగు పెంకును చూసి చాలామంది అదే రక్షణ అనుకుంటారు. అది కర్మాగారంలో ఎర్రగా కాలిన ఉక్కును సాగదీసేటప్పుడు కట్టిన మిల్లు స్కేలు. ఉక్కు వేడికి సాగి చలికి ముడుచుకున్నప్పుడు అది పగుళ్లు తీస్తుంది. పెంకుకూ ఉక్కుకూ మధ్య చిన్న విద్యుత్ ఘటం ఏర్పడి, పగులు ఉన్న చోట ఉక్కు లోతుగా గుంట పడుతుంది. పైకి నిండుగా కనబడే పొర కంటే పగులు లేని పలుచని పొరే మేలు. అందుకే కొత్త బాయిలరును మొదట ట్రైసోడియం ఫాస్ఫేటు వంటి క్షారంతో మరిగించి, నూనె జిడ్డును, వదులు పెంకును వదిలించిన తరువాతనే వాడుకలోకి తెస్తారు.

మంచి పొరకు కూడా హద్దు ఉంటుంది. వేగంగా పారే వేడి నీరు మాగ్నటైటును కరిగించుకుపోతుంటే, అది తిరిగి కట్టే వేగం చాలదు. జపానులోని మిహామా అణు విద్యుత్ కేంద్రంలో 2004 ఆగస్టులో, ప్రవాహాన్ని కొలిచే బిళ్ల తరువాతి గొట్టంలో 10 మిల్లీమీటర్లు ఉండవలసిన గోడ 2 మిల్లీమీటర్లు కూడా మిగలకుండా అరిగి పగిలింది. వేడి ఆవిరి తగిలి ఐదుగురు చనిపోయారు. అది అణు ధార్మికత లేని నీటి లైను. ఆ చోటు తనిఖీ పట్టికలోకి ఎక్కకుండా ఏళ్ల తరబడి మిగిలిపోయింది.

జవాబు: చంద్రగిరి రసాయన శాస్త్ర అధ్యాపకురాలు

చర్చ చల్ల నీళ్ల లైను మీదనే సాగుతోంది. ప్రశ్నలో చెప్పిన వేడి నీళ్ల లైను వేరే సమస్య, నా దృష్టిలో అదే తొందరగా చూసుకోవలసినది.

సోలారు పలకలోని రాగి నుంచి అతి స్వల్పంగా రాగి అయానులు నీటిలో కలుస్తాయి. ఆ నీరు తరువాత జీఐ పైపులోకి వెళ్తే రాగి అయానులు జింక్ మీద లోహపు రాగిగా దిగుతాయి. అలా దిగిన ప్రతి చుక్కా ఒక చిన్న విద్యుత్ ఘటమై, దాని చుట్టూ జింక్‌నూ, ఆ తరువాత ఉక్కునూ తింటుంది. సూది మొన అంతటి రంధ్రాలకు ఇది సరిపోయే కారణం. నీటి ప్రవాహంలో జీఐ ముందు, రాగి తరువాత ఉండవచ్చు గాని, రాగి ముందు, జీఐ తరువాత ఉండకూడదన్నది ఈ పనిలో పాత నియమం. మధ్యలో ఇత్తడి నిపులు వేసి రెండు లోహాలను విడదీశామని కొందరు అంటారు. రాగి నీటిలోనే ప్రయాణం చేస్తోంది కాబట్టి, తాకకుండా విడదీసినంత మాత్రాన ఇక్కడ పని జరగదు. రెండో కారణం వేడి. నీటి వేడి సుమారు 60 డిగ్రీలు దాటినప్పుడు కొన్ని నీళ్లలో జింక్ స్వభావం తలకిందులవుతుంది. తాను కరిగి ఉక్కును కాపాడవలసిన జింక్, ఉక్కే కరిగేలా చేస్తుంది. మన ఎండలకు సోలారు ట్యాంకు 60 దాటడం మామూలే. అందుచేత ఆ లైనుకు క్లాంపులు వేయడం మానేసి, వేడి నీటికి తగిన సీపీవీసీ ప్లాస్టిక్ పైపు వంటి దానికి మార్చండి. పలకకూ సోలారు ట్యాంకుకూ మధ్య ఉన్న ముక్క మాత్రం రాగిదే ఉండనివ్వండి, అక్కడి వేడి ప్లాస్టిక్ తట్టుకునే హద్దు దాటవచ్చు.

రాగి గొట్టం నల్లబడినందుకు దిగులు పడవలసిన పని లేదు. రాగి మీద మొదట కట్టేది గోధుమ ఎరుపు రంగు కుప్రస్ ఆక్సైడు. వేడి ఎక్కువ తగిలే చోట దాని మీద నల్లటి కుప్రిక్ ఆక్సైడు వస్తుంది. తేమ, కార్బన్ డయాక్సైడు చేరితే ఆకుపచ్చ క్షారయుత కార్బొనేటు. సముద్రం ఒడ్డున అయితే క్లోరైడు, పరిశ్రమల పొగ ఉన్న చోట సల్ఫేటు ఈ ఆకుపచ్చలో పాలు పంచుకుంటాయి. గొట్టం పొడవునా పలుచగా, సమంగా ఉన్న రంగు మంచిది. అతుకు దగ్గర మాత్రమే చిలుము గుత్తిగా ఉంటే తడి గుడ్డతో తుడిచి కొన్నాళ్లు గమనించండి. మళ్లీ రాకపోతే అది అతుకు పెట్టినప్పుడు వాడి మిగిలిపోయిన ఫ్లక్సు అనే మందు పని. తెల్లటి సున్నంతో కలిసి మళ్లీ పుడితే అక్కడ చెమ్మ కారుతోందని అర్థం. రాగి చెంబును తోమినట్టు చింతపండుతో గొట్టాన్ని తోమకండి. చెంబును తోమినా ప్రతిసారీ కొంత రాగి పోతుంది, చెంబు గోడ మందం కాబట్టి మనకు తెలియదు. పలకలోని గొట్టం అలా కాదు.

లోపలి వైపు కూడా ఇదే తీరు. కొత్త రాగి గొట్టం నీటిలోకి ఎక్కువ రాగిని వదులుతుంది, పొర ముదిరేకొద్దీ అది తగ్గుతుంది. ప్రపంచ ఆరోగ్య సంస్థ తాగునీటిలో రాగికి పెట్టిన హద్దు లీటరుకు 2 మిల్లీగ్రాములు. రాత్రంతా రాగి గొట్టంలో నిలిచిన వేడి నీటిని వంటకు వాడకపోతే చాలు.

మెట్ల స్టీలు గొట్టాల గురించి క్లుప్తంగా చెబుతాను. స్టెయిన్‌లెస్ స్టీలులో కనీసం 10.5 శాతం క్రోమియం ఉండడం వల్ల దాని మీద కొన్ని నానోమీటర్ల మందం గల క్రోమియం ఆక్సైడు పొర కడుతుంది, గీత పడినా గాలి తగిలితే తిరిగి కట్టుకుంటుంది. దానిని పాడు చేసేవి క్లోరైడులు. ఇల్లు కట్టేటప్పుడు టైల్సు కడిగే యాసిడు ఆవిరి తగలడం, మామూలు ఇనుము కోసిన చక్రంతోనే స్టీలును కూడా రుద్దడం, వెల్డింగు దగ్గర ఏర్పడిన రంగు చారను తీయకుండా వదిలేయడం సాధారణంగా ఆ చుక్కలకు కారణాలు. నికెలు తగ్గించి మాంగనీసు పెంచిన చవక రకం గొట్టమైతే చుక్కలు ఇంకా త్వరగా వస్తాయి. అయస్కాంతం అతుక్కోలేదని మంచి రకమని నమ్మకండి, ఆ చవక రకానికి కూడా అది అతుక్కోదు. సబ్బు నీళ్లు, మెత్తటి గుడ్డ, అవసరమైతే సిట్రిక్ ఆమ్లం ఉన్న పాలిషు వాడండి. ఇనుప పీచు మాత్రం తగలనీయకండి, దాని పొడే రేపటి చుక్క అవుతుంది.

ప్రశ్న అడిగినవారు

అందరికీ కృతజ్ఞతలు. బకెట్టు పరీక్ష చేశాను, సంపు దగ్గర నీళ్లు తేటగానే ఉన్నాయి. యాసిడు ఆలోచన మానుకున్నాను. వేడి నీళ్ల లైను మార్చడానికి కాంట్రాక్టరుతో మాట్లాడుతున్నాను. ఖర్చు దృష్ట్యా చల్ల నీళ్ల లైను మాత్రం మరో సంవత్సరం వాడుకోవాలనుకుంటున్నాము. బోరు పూర్తిగా వట్టిపోలేదు, రోజుకు కొంతసేపు మోటారు ఆడుతుంది. ఈ లోపల ఎరుపు తగ్గించుకోవడానికి దారి ఉందా? ఆ నీళ్లు తాగితే ప్రమాదమా? ఇంట్లో చిన్న పిల్లలు ఉన్నారు.

జవాబు: చిత్తూరు విశ్రాంత ఇంజనీరు

బోరు ఆడుతున్నదంటే మంచి అవకాశం ఉంది. టూసాన్‌లో పెద్ద ఎత్తున చేసిన పనినే మీరు సంపులో చేయవచ్చు. మొదట సంపులో బోరు నీళ్లు ఎక్కువ, కుళాయి నీళ్లు తక్కువ ఉండేలా కలపండి. కొన్ని వారాలకు ఒకసారి కుళాయి నీటి పాలు పెంచుకుంటూ పోండి. పొర మెల్లగా కొత్త నీటికి అలవాటు పడుతుంది, ఒక్కసారిగా విరగదు. ఎరుపు ఎక్కువైతే ఒక మెట్టు వెనక్కి తగ్గండి. కలిపిన నీళ్లను వంటకూ తాగడానికీ మళ్లించకండి. ఆ అవసరాలకు నీళ్లు సంపులోకి పోక ముందే వీధి కనెక్షను దగ్గర ఒక టీ ముక్క పెట్టించి, వేరే ప్లాస్టిక్ లైనులో వంటింటికి నేరుగా తెచ్చుకోండి. ఖర్చు తక్కువ, నిశ్చింత ఎక్కువ.

తాగడం విషయంలో ఇనుము ఒక్కటే అయితే అంత భయం లేదు. లీటరుకు 0.3 మిల్లీగ్రాములు దాటితే బట్టల మీద మరకలు పడతాయి, రుచి మారుతుంది, అంతవరకే. నేను జాగ్రత్త పడమనేది సీసం గురించి. పాతకాలపు జింక్ పూతలో కొద్దిపాటి సీసం కలిసి ఉండడం మామూలు. పైగా తుప్పు పొర నీటిలో వచ్చిన సీసం, ఆర్సెనిక్ వంటివాటిని తనలోకి పీల్చుకుని దాచుకుంటుంది. పొర విరిగినప్పుడు ఆ దాచుకున్నది కూడా నీటిలోకి వస్తుంది. అమెరికాలోని ఫ్లింట్ నగరంలో 2014లో నీటి వనరును మార్చి, పొరను నిలిపే ఫాస్ఫేటును కలపకుండా వదిలేయడంతో సీసపు పైపుల పొర చెదిరి పిల్లల రక్తంలో సీసం పెరిగింది. మన ఇళ్లలో సీసపు పైపులు లేవు కాబట్టి అంతటి స్థితి రాదు. అయినా పిల్లలు ఉన్నారన్నారు కాబట్టి, ఎన్‌ఏబీఎల్ (ప్రయోగశాలలకు గుర్తింపు ఇచ్చే జాతీయ సంస్థ) గుర్తింపు ఉన్న ప్రయోగశాలలో ఒకసారి పరీక్ష చేయించండి. రెండు సీసాలు పట్టండి. ఒకటి ఉదయం కుళాయి తిప్పగానే వచ్చే మొదటి నీరు, రెండోది బాగా వదిలి తేటపడిన తరువాతది. రెండింటి మధ్య తేడాయే మీ పైపు నీటిలో ఏమి కలుపుతోందో చెబుతుంది. మన తాగునీటి ప్రమాణం ఐఎస్ 10500 ప్రకారం సీసం లీటరుకు 0.01 మిల్లీగ్రాము మించకూడదు. నీటిని మరిగిస్తే సీసం పోదు, నీరు ఆవిరై ఇంకా చిక్కబడుతుంది.

పరీక్షలో పీహెచ్, క్షారత, క్లోరైడు, సల్ఫేటు కూడా రాయించండి. క్షారతతో పోలిస్తే క్లోరైడు, సల్ఫేటు ఎంత ఎక్కువ ఉంటే ఇనుము పొర అంత వదులుగా ఉంటుంది. ఆ నివేదిక ఇక్కడ పెడితే, కలిపే పాళ్ల గురించి ఇంకొంచెం కచ్చితంగా చెప్పగలను.

జవాబు: రేణిగుంట ప్లంబింగు కాంట్రాక్టరు

లైను మార్చే ముందు ఎలక్ట్రీషియనును పిలిచి ఒకటి చూపించండి. ఆ కాలపు ఇళ్లలో ఎర్తు తీగను వేరే గుంత తీయకుండా జీఐ పైపుకే చుట్టి వదిలేసిన చోట్లు చాలా ఉన్నాయి. మధ్యలో సీపీవీసీ ముక్క వేయగానే ఆ ఎర్తు తెగిపోతుంది, గీజరు, మోటారు రెండూ ఎర్తు లేకుండా నడుస్తాయి. ముందు వేరే ఎర్తు గుంత తీయించి, తీగను దానికి మార్చిన తరువాతనే పైపు కోయించండి.